దారి అడిగిన సైన్యం

ఫార్మింగ్టన్ హిల్స్, మిషిగన్
సెప్టెంబర్ 6

రాగిణికి,

ఫోన్ చేద్దామని మూడుసార్లు నీ నంబర్ దాకా వెళ్ళి ఆగిపోయాను. నువ్వు తీయవని కాదు, తీస్తే ఏం మాట్లాడాలో తెలియక. అందుకని ఇలా కాగితం మీద మొదలుపెట్టాను. తెలుగు రాసి చాలా కాలమైంది. ఒత్తులు తప్పితే సర్దుకుని చదువుకో.

మార్చిలో మీ అన్నయ్య సంవత్సరీకం రోజున వంటింట్లో అందరి ముందూ నువ్వు నన్ను అన్న మాటలకి నేను జవాబు చెప్పలేదు. అప్పుడు నా చేతిలో పులుసు గిన్నె ఉంది, బయట విస్తళ్ళ ముందు జనం కూర్చుని ఉన్నారు. వడ్డన అయ్యేసరికి నువ్వు ఎయిర్‌పోర్ట్‌కి వెళ్ళిపోయావు. ఆరు నెలలైంది. ఆయన లేరు, మాకు పిల్లలు లేరు, నువ్వు పెళ్ళి చేసుకోలేదు. ఈ దేశంలో నాకు నువ్వు, నీకు నేను. ఇలా మూతి ముడుచుకుని ఎన్నాళ్ళు కూర్చుంటాం?

బేస్‌మెంట్ సర్దుతున్నాను. నువ్వు ఫార్మసీ చదవడానికి వచ్చి మా ఇంట్లో ఉన్నప్పటి అట్టపెట్టెలు నాలుగు దొరికాయి. ఒకదానిలో ఫార్మసీ పుస్తకాలు, మూడింటిలో చైనీస్ నిఘంటువులు. ఏం చేయమంటావు?

నేను ఇంకా ల్యాబ్‌కి వెళ్తూనే ఉన్నాను. అదే పని. కార్ సీటు గుడ్డ ఎన్ని వేలసార్లు రుద్దితే పోగు తెగుతుందో మెషీన్ రుద్దుతూ ఉంటుంది, నేను చూస్తూ ఉంటాను. ఇంటికొచ్చాక చెప్పులు విప్పడానికి కూడా ఓపిక ఉండటం లేదు.

నీ పుస్తకం అయిందా? ఎవరైనా అడిగితే మీ అన్నయ్య "మా చెల్లెలు ఎవరికీ అక్కర్లేని రాజ్యం మీద రీసెర్చ్ చేస్తోంది" అనేవారు. ఆ రాజ్యం ఏమిటో నేను నిన్ను ఒక్కసారి కూడా అడగలేదు. ఇప్పుడు అడుగుతున్నాను.

వదిన
కృష్ణకుమారి


క్యారీ, నార్త్ కరోలినా
సెప్టెంబర్ 17

వదినా,

ఉత్తరం అందింది. ఒత్తులేమీ తప్పలేదు.

ఆ రోజు నేను గట్టిగా అన్నానేమో, తప్పు మాత్రం అనలేదు. అన్నయ్య మూడు వారాలు ఆస్పత్రిలో ఉన్నాడు. నేను చైనాలో ఉన్నాను, నిజమే. ఒక్క ఫోన్ చేస్తే రెండు రోజుల్లో వచ్చి పడేదాన్ని. అంతా అయిపోయాక చెప్పావు. ఎందుకు చెప్పలేదంటే "ఆయన చెప్పొద్దన్నారు" అన్నావు. ఆయన వద్దంటే నీకిక మాట లేదు. మా అమ్మ వచ్చినప్పుడు ఆవిడ వద్దంటే లేదు, ఆఫీస్‌లో మేనేజర్ వద్దంటే లేదు. నీకు కాదనడం రాదు వదినా. ఆ రానితనం వల్ల నా అన్నయ్య ముఖం నేను చూడలేకపోయాను. ఇది ఇంకోసారి రాయను.

రాజ్యం గురించి అడిగావు కాబట్టి చెబుతాను. నన్నెవరూ అడగరు.

వెయ్యేళ్ళ కిందట చైనాలో తాంగ్ సామ్రాజ్యం కూలిపోయాక దేశం ముక్కలైంది. ఆ ముక్కల్లో అన్నిటికన్నా చిన్నదనదగ్గది జింగ్‌నాన్. యాంగ్‌ట్సీ నది ఒడ్డున మూడంటే మూడు మండలాలు. దాన్ని స్థాపించిన గావ్ జిషింగ్ చిన్నప్పుడు ఒక వర్తకుడి ఇంట్లో పనివాడు. ఆ రాజ్యం నలభై ఏళ్ళు కూడా నిలవలేదు. నాలుగు పక్కలా పెద్ద రాజ్యాలు. చక్రవర్తినని ఎవడు చెప్పుకున్నా వాడికి దణ్ణం పెట్టి బతికింది. రెండో రాజు మరీను. తన ఊరి మీదుగా వెళ్ళే రాయబారుల్ని ఆపి సామాన్లు లాక్కునేవాడు. అవతలి రాజు తిడుతూ ఉత్తరం రాస్తే ఏమీ జరగనట్టు తిరిగి ఇచ్చేసేవాడు. చుట్టుపక్కల రాజులందరూ అతన్ని సిగ్గులేని గావ్ అని పిలిచేవాళ్ళు. దాదాపు ఇరవై ఏళ్ళు అలాగే నెట్టుకొచ్చాడు. నీకు నచ్చుతాడు.

పుస్తకం చివరి అధ్యాయం దగ్గర ఆగింది. కాలేజీలో గొడవగా ఉంది. హిస్టరీ డిపార్ట్‌మెంట్ మూసేసి జనరల్ స్టడీస్‌లో కలిపేస్తారట. ఆ కలపడం మేమే కోరుకున్నట్టు కాగితం మీద మా సంతకాలు కావాలట. నేను చైర్‌ని, అంటే డిపార్ట్‌మెంట్ హెడ్‌ని. పెట్టనన్నాను. ఇండియన్ హిస్టరీ చెప్పే శ్రేయాస్, వరంగల్ అతను, నాతోనే ఉన్నాడు. మిగతా ఇద్దరూ మొదటి వారమే పెట్టేశారు.

ఫార్మసీ పుస్తకాలు పారెయ్. నిఘంటువులు ఉండనీ.

రాగిణి


ఫార్మింగ్టన్ హిల్స్
సెప్టెంబర్ 28

రాగిణికి,

సిగ్గులేని గావ్ నాకు నిజంగానే నచ్చాడు. నువ్వు వెటకారానికి అన్నావని తెలుసు. అయినా నచ్చాడు. నాలుగు పక్కలా పులులుంటే మధ్యలో ఉన్నవాడు మీసం మెలేసి ఏం చేస్తాడు? తిట్టించుకున్నది ఆయన ఒక్కడే కదా. ఊళ్ళోవాళ్ళ ఇళ్ళు ఉన్నాయి కదా.

ఆ రాజు గురించి ఊళ్ళో ఆడవాళ్ళు ఏమనుకునేవాళ్ళో ఎక్కడైనా రాసి ఉందా? ఉండదేమో. చివరికి ఆ రాజ్యం ఎలా పోయిందో రాయి. ఒక అధ్యాయం పంపినా చదువుతాను. లంచ్‌లో నేను చేసే పనేం లేదు.

మీ అన్నయ్య సంగతికి నేను ఇప్పుడు ఏమీ రాయను. నువ్వు అన్నది నేను కాదనలేదు, అవుననలేదు. అంతవరకే.

ఇక్కడ అప్పుడే చలి మొదలైంది. గుడికి వెళ్ళడం తగ్గించాను. వెళ్తే అందరూ "ఎలా ఉన్నారు ఆంటీ" అంటారు. బాగున్నానని చెప్పీ చెప్పీ నోరు నొప్పి పుడుతోంది.

వదిన


క్యారీ
అక్టోబర్ 11

వదినా,

అధ్యాయం ఈ కవర్లోనే పెట్టాను. అది ఇంగ్లీషులో పొడి పొడిగా ఉంటుంది. కథ ఇదీ.

చివరి రాజు గావ్ జిచోంగ్‌కి ఇరవై ఏళ్ళు. గద్దె ఎక్కి కొన్ని నెలలే అయింది. ఉత్తరాన సోంగ్ చక్రవర్తి బలపడ్డాడు. దక్షిణాన హునాన్‌లో తిరుగుబాటు లేచింది. దాన్ని అణచడానికి వెళ్తున్నాం, మీ ఊరి మీదుగా దారి ఇవ్వండి అని సోంగ్ సైన్యం కబురు పెట్టింది. దారి అడుగుతున్నది దేనికో అందరికీ తెలుసు. లి జింగ్‌వెయ్ అనే సేనాని రాజు దగ్గరికి వెళ్ళి, "నాకు మూడు వేల మందిని ఇవ్వండి, జింగ్‌మెన్ ఇరుకుదారిలో కాపు కాస్తాను" అన్నాడు. ఒక మంత్రి అడ్డుపడి, సోంగ్‌తో పోరాడి గెలవలేం, ఇప్పుడే అప్పగిస్తే మీరూ బతుకుతారు, ఊరూ బతుకుతుంది అన్నాడు. రాజు మంత్రి మాట విన్నాడు. సేనాని బయటికి వచ్చి తన గొంతు తనే నులుముకుని చనిపోయాడు.

రాజు సైన్యానికి ఎదురెళ్ళాడు. సోంగ్ దండనాయకుడు అతనికి నమస్కారం పెట్టి, మా పై దండనాయకుడు వెనక వస్తున్నారు, ఇక్కడే ఉండండి అని చెప్పి, గుర్రాలతో నేరుగా ఊళ్ళోకి వెళ్ళిపోయాడు. రాజు తిరిగి వచ్చేసరికి ప్రతి వీధి మొగలోనూ వాళ్ళ సైనికులే. మూడు మండలాల పటాలూ లెక్కలూ అప్పగించేశాడు. లక్షా నలభై రెండు వేల మూడొందల ఇళ్ళు.

నా పుస్తకం ఆ సేనానితో ముగుస్తుంది. ఆ రాజ్యం మొత్తంలో వెన్నెముక ఉన్నవాడు అతనొక్కడే.

ఇక్కడ ఇంకా ఎవరం తగ్గలేదు. ఫ్యాకల్టీ సెనేట్, అంటే అధ్యాపకుల సభలో మాట్లాడాను. చప్పట్లు కొట్టారు. శ్రేయాస్ వెనక వరుసలో కూర్చున్నాడు. అంతా బాగానే ఉంది. ఈ మధ్య మెట్లెక్కితే ఆయాసం వస్తోంది, అంతే.

రాగిణి


ఫార్మింగ్టన్ హిల్స్
అక్టోబర్ 26

రాగిణికి,

అధ్యాయం రెండుసార్లు చదివాను. మొదటిసారి ల్యాబ్‌లో, రెండోసారి శనివారం ఇంట్లో. బాగా రాశావు.

కానీ ఒకటి అడగాలి. ముప్ఫై ఒకటో పేజీ కింద చిన్న అక్షరాల్లో ఒక ఫుట్‌నోట్ ఉంది. ఇదే సైన్యం ఇక్కణ్ణుంచి హునాన్ వెళ్ళింది. అక్కడివాళ్ళు ఎదిరించారు. అప్పుడు ఆ దండనాయకుడు, రాజుకి నమస్కారం పెట్టినవాడే, పట్టుబడినవాళ్ళలో లావుగా ఉన్నవాళ్ళని కొన్ని పదుల మందిని ఏరి తన మనుషుల చేత తినిపించాడు. కుర్రవాళ్ళ ముఖాల మీద పచ్చబొట్లు పొడిపించి వాళ్ళ ఊరికే తిరిగి పంపాడు. ఆ కబురు విని ఊరు ఊరంతా నిప్పు పెట్టుకుని పారిపోయింది.

ఇది నిజమేనా? నిజమైతే అంత చిన్న అక్షరాల్లో ఎందుకు పెట్టావు? ఆ మనుషులే, ఆ గుర్రాలే కదా. నీ సేనాని చెప్పినట్టు ఇరుకుదారిలో కాపు కాసి ఉంటే ఇక్కడ ఎవరిని తినేవాళ్ళు? సేనాని గొంతు సేనానిదే, నులుముకున్నాడు. మిగతా లక్షా నలభై వేల ఇళ్ళ గొంతులు?

నాకు చరిత్ర తెలియదు. సీటు గుడ్డలు తెలుసు. కోపం తెచ్చుకోకు.

ఇంకొకటి. రెండు వేల తొమ్మిదిలో కార్ల కంపెనీలు కుప్పకూలినప్పుడు మా ల్యాబ్‌లో నలుగురిని తీసేస్తామన్నారు. లేదంటే పన్నెండు మందీ వారానికి మూడు రోజులే రండి అన్నారు. మాతో పనిచేసే రాజారావు గారు "ఇదేం పద్ధతండీ, ఎదురు తిరుగుదాం" అన్నారు. నేను అందరికన్నా ముందు ఒప్పుకున్నాను. నన్ను పిరికిది అన్నారు, మీ అన్నయ్యతో సహా. ఆ నలుగురిలో ముగ్గురు వీసా మీద ఉన్నవాళ్ళని నాకు తెలుసు.

అందుకే అడుగుతున్నాను. ఆ శ్రేయాస్ ఏ వీసా మీద ఉన్నాడు? అతని గురించి నువ్వు రాసిందంతా వెనక వరుసలో కూర్చున్నాడని. పెళ్ళయిందా? సంతకం పెట్టకూడదని అతనికి అతనే అనుకున్నాడా?

వదిన


క్యారీ
నవంబర్ 9

వదినా,

నీ ఉత్తరం వారం రోజులు టేబుల్ మీదే ఉంది. మొదట చాలా కోపం వచ్చింది. తరవాత కోపం తెచ్చుకునే ఓపిక పోయింది.

నీకు చెప్పనిది చెబుతాను. శ్రేయాస్ హెచ్-వన్ మీద ఉన్నాడు. గ్రీన్‌కార్డ్ పని కాలేజీ ఇంకా మొదలే పెట్టలేదు. ఆగస్టులో అతనూ అతని భార్య నిధీ మా ఇంటికి వచ్చారు. నిధికి అప్పుడు ఐదో నెల. ఇంట్లో చేసిన సకినాలు డబ్బాలో పెట్టి తెచ్చింది. శ్రేయాస్ సోఫా అంచున కూర్చుని ఇలా అన్నాడు.

"మేడమ్, సంతకం పెడితే త్రీ ఇయర్స్ కాంట్రాక్ట్ ఇస్తమంటున్రు. నేను పెడ్దామనుకుంటున్న. మీకు చెప్పకుండ పెట్టుడు మంచిగుండదని వచ్చిన."

"నువ్వు కూడా పెడితే నేను ఒక్కదాన్నే మిగులుతాను" అన్నాను.

"నా స్టేటస్ మీకు తెలుసు కద మేడమ్."

"తెలుసు. చరిత్ర చెప్పేవాడివి. రేపు నీ పేరు ఏ పక్కన ఉండాలో నువ్వే చూసుకో."

అతను తల దించుకున్నాడు. నిధి అతని వైపు చూసింది, నా వైపు చూడలేదు. వెళ్ళేటప్పుడు గుమ్మంలో "సరే మేడమ్, పెట్టను" అన్నాడు. నాకు ఎంత గర్వంగా అనిపించిందో నీకు రాయడానికి సిగ్గుగా ఉంది.

మొన్న శుక్రవారం అతనికి లెటర్ వచ్చింది. డిసెంబర్ ఆఖరుతో అతని కాంట్రాక్ట్ ముగుస్తుంది, రెన్యూ చేయరు. ఆ తరవాత ఈ దేశంలో ఉండటానికి అరవై రోజులు. నిధికి జనవరి మొదట్లో డెలివరీ. నాకు ఏ లెటర్ రాలేదు. నాకు టెన్యూర్ ఉంది, సిటిజన్‌షిప్ ఉంది. నన్ను ఇప్పట్లో ఎవరూ కదపలేరు. ఎదిరించినందుకు నాకు పోయేదేమీ లేదు వదినా. ఆ సంగతి ఆగస్టులోనే నాకు తెలుసు. తెలిసే అన్నాను.

నిన్న కారిడార్‌లో శ్రేయాస్ ఎదురుపడ్డాడు. ఏదో చెప్పబోయాను. "క్లాస్ ఉంది మేడమ్" అని పక్కకి తప్పుకుని వెళ్ళాడు. అతనికి ఆ గంటలో క్లాస్ లేదు.

ఫుట్‌నోట్‌లో ఉన్నది నిజమే. పెద్ద అక్షరాల్లో పెడితే నా సేనాని నిలబడడు. అందుకే అక్కడ పెట్టాను.

రాగిణి


ఫార్మింగ్టన్ హిల్స్
నవంబర్ 13

రాగిణికి,

అందిన రోజే రాస్తున్నాను. తప్పు చేశావు. అది నీకు తెలుసు కాబట్టి దాని మీద ఇంకేం రాయను.

డీన్ దగ్గరికి వెళ్ళు. నీకు ఏం కావాలో చెప్పడానికి వెళ్ళకు. అవతలి మనిషికి అన్నిటికన్నా ఏది ఎక్కువ కావాలో కనుక్కో. ఆ ఒక్కటీ చేతిలో పట్టుకుని కూర్చో. శ్రేయాస్ కాగితం వచ్చేదాకా వదలకు. మిగతావన్నీ ఇచ్చెయ్. నోటిమాటలు నమ్మకు, ముందు అతనిది రాయించు, తరవాత నీది ఇవ్వు. నవ్వితే నవ్వనీ. గొంతు పెంచకు.

నలభై ఏళ్ళుగా నేను చేస్తున్నది ఇదే. దీనికి వెన్నెముక అక్కర్లేదని నువ్వు అనుకుంటావు.

వదిన


క్యారీ
డిసెంబర్ 7

వదినా,

వెళ్ళాను. మూడుసార్లు వెళ్ళాను.

మొదటిసారి డీన్ నన్ను ఇరవై నిమిషాలు బయట కూర్చోబెట్టింది. ఇదివరకైతే లేచి వచ్చేసేదాన్ని. కూర్చున్నాను. లోపలికి వెళ్ళి, "ఈ విషయంలో మీకు నా నుంచి ఏం కావాలి?" అని అడిగాను. నేను అలా అడుగుతానని ఆవిడ అనుకోలేదు. "నిజం చెప్పాలంటే, మీరు సెనేట్‌లో మాట్లాడకుండా ఉంటే చాలు" అంది. మాటలు సాగాక తేలింది, ఆవిడకి కావలసింది రెండు. ఈ విలీనం మా డిపార్ట్‌మెంటే కోరుకుందని చైర్ సంతకంతో ఒక ఉత్తరం. వచ్చే ఏడాది నేను అక్కడ లేకపోవడం.

రెండోసారి ఆ రెండూ ఇస్తానన్నాను. శ్రేయాస్‌కి మూడేళ్ళ కాంట్రాక్ట్, డిసెంబర్ ముగిసేలోగా హెచ్-వన్ ఎక్స్‌టెన్షన్ ఫైల్ చేయడం, గ్రీన్‌కార్డ్ పని మొదలుపెట్టడం. ఈ మూడూ కాగితం మీద చూశాకే నా సంతకం. ఆవిడ "నా మాట మీద నమ్మకం లేదా?" అంది. "ఉంది. అయినా కాగితం కావాలి" అన్నాను. గొంతు పెంచలేదు. నీకు చెప్పుకోవాలనిపించింది.

మూడోసారి మొన్న బుధవారం. అతని కాగితాలు చదివాను. మా డిపార్ట్‌మెంట్ తనంతట తనే కలిసిపోవాలని కోరుకుంటోందని రాసిన దాని కింద నా సంతకం పెట్టాను. మే నెలాఖరుకి నా రాజీనామా కూడా. డీన్ లేచి నిలబడి, "మీరు చాలా అలసిపోయినట్టున్నారు" అంది. అవునన్నాను. అవమానంగా ఉంటుందేమో అనుకున్నాను. ఏమీ లేదు. కార్‌లో కూర్చున్నాక నిద్ర ముంచుకొచ్చింది. పార్కింగ్ లాట్‌లోనే గంట సేపు పడుకున్నాను.

సెనేట్‌లో చప్పట్లు కొట్టినవాళ్ళు ఇప్పుడు లిఫ్ట్‌లో నన్ను చూసి ఫోన్‌లో తల పెడుతున్నారు. స్టూడెంట్స్ పత్రికలో నేను అమ్ముడుపోయానని రాశారు. ఎందుకు పెట్టానో చెప్పే హక్కు నాకు లేదు, చెబితే ఆ మాట శ్రేయాస్ మీదికి పోతుంది.

గావ్ జిచోంగ్ గురించి మళ్ళీ మొదటి నుంచీ చదువుతున్నాను. సోంగ్ చక్రవర్తి తరవాత అతన్ని వేరే ఊరికి అధికారిగా పంపాడు. పదేళ్ళ పాటు అక్కడ పనులన్నీ కింది ఉద్యోగులకి అప్పజెప్పి కూర్చున్నాడట. ఆ ప్రాంతం బాగానే నడిచిందని ఒక్క వాక్యం ఉంది. ముప్ఫై ఒకటో ఏట చనిపోయాడు. ఇన్నేళ్ళలో ఆ వాక్యం దగ్గర నేను ఒక్కసారి కూడా ఆగలేదు.

ఇప్పుడు ఒకటి అడుగుతాను. ఈసారి కోపంతో కాదు. అన్నయ్య చెప్పొద్దని ఎందుకన్నాడు?

రాగిణి


ఫార్మింగ్టన్ హిల్స్
డిసెంబర్ 18

రాగిణికి,

ఇది ఎప్పటికీ చెప్పకూడదనుకున్నాను. నువ్వు కోపంతో అడిగినన్నాళ్ళూ చెప్పకుండా ఉండటం తేలికగానే ఉంది. ఇలా అడిగితే కష్టం.

నువ్వు ఆ జింగ్‌జౌ ఊరు, గావ్ రాజుల రాజధాని, దాని పాత కోటగోడ చూడాలని ఎన్నేళ్ళు తిరిగావో ఆయనకి లెక్క తెలుసు. రెండుసార్లు వీసా రాలేదు. తరవాత కోవిడ్. ఆఖరికి నువ్వు వెళ్ళిన నాలుగో రోజున ఆయన్ని ఆస్పత్రిలో చేర్చాం. రాగిణికి ఫోన్ చేస్తానన్నాను. అప్పుడు ఆయన అన్నది ఇదీ: "చెప్పకు. చెబితే వచ్చేస్తుంది. వచ్చేస్తే మళ్ళీ వెళ్ళదు, దాని సంగతి నాకు తెలుసు. ఫార్మసీ మానేస్తానన్నప్పుడు ఆర్నెల్లు దాంతో మాట్లాడలేదు నేను. ఇప్పుడైనా దాన్ని ఆ గోడ చూడనీ."

మొదటి వారం తగ్గుతుందనే అన్నారు డాక్టర్లు. రెండో వారం మాట మార్చారు. ఆ రోజు నేను ఫోన్ చేతిలోకి తీసుకున్నాను. ఆయన మాట్లాడలేకపోతున్నారు, కళ్ళతోనే వద్దన్నారు. పక్కన పెట్టేశాను.

ఈ మాట నీకు చెబితే ఆ పుస్తకం మళ్ళీ ముట్టుకోవేమోనని భయమేసింది. అన్నయ్య చావుకి ఆ ఊరే కారణమైనట్టు చూస్తావేమోనని. దానికన్నా నన్ను తిట్టుకోవడమే నయమనుకున్నాను. నన్ను తిట్టినా నేను ఎక్కడికీ పోను కదా.

కానీ రాగిణీ, నేను చేసింది మంచిపని అని రాయడం లేదు. ఆ రెండో వారం ఆయన్ని కాదని నీకు ఫోన్ చేసి ఉండాల్సింది. గోడ ఎక్కడికీ పోయేది కాదు. ఆయన ముఖం చూడటం నీ హక్కు, అది నేను ఇచ్చేశాను, ఇచ్చెయ్యడానికి అది నాది కాదు. అందరికీ సరే అని అలవాటైపోయిన నోరు ఎక్కడ ఆగాలో అక్కడ ఆగలేదు. వంటింట్లో నువ్వు అన్నది నిజమే. అందుకే జవాబు చెప్పలేదు. పులుసు గిన్నె వల్ల కాదు.

వదిన


క్యారీ
జనవరి 15

వదినా,

నాలుగు వారాలు రాయలేదు. ఎన్నిసార్లు మొదలుపెట్టినా రెండో వాక్యం దగ్గర ఆగిపోయింది. ఇప్పుడు కూడా వరసగా రాయలేను.

నేను ఆ గోడ చూశాను. పైకి కనిపించేది చాలావరకు తరవాత వచ్చిన రాజులు కట్టించింది. గావ్ కుటుంబం నాటిది మట్టిలో లోపలెక్కడో ఉందంటారు. నేను చూసింది వాళ్ళ గోడ కాదు. అన్నయ్యకి ఆ సంగతి తెలియదు. నేను ఎప్పుడూ చెప్పలేదు, ఆయన ఎప్పుడూ అడగలేదు. ఆయన పోయిన పూట నేను ఆ గోడ పక్కన ఒక బెంచీ మీద కూర్చుని తామరదుంపల సూప్ తాగుతున్నాను. కాళ్ళు నొప్పులుగా ఉన్నాయి. ఇంటికి ఎప్పుడు వెళ్తానా అనిపించింది. వచ్చాక అన్నయ్యకి ఫొటోలు చూపించాలనుకున్నాను. ఇది నీకు తప్ప ఎవరికి చెప్పను?

నువ్వు ఫోన్ చేసి ఉండాల్సింది. ఆ మాట నువ్వే రాశావు కాబట్టి ఇంక నేను రాయక్కర్లేదు. అప్పుడే ఈ కారణం చెప్పి ఉంటే నేను పుస్తకం చించేసేదాన్ని, అదీ నిజం. నీ మీద కోపం ఎక్కడికి పోయిందో తెలియదు. వెతికే ఓపిక లేదు.

ఫుట్‌నోట్ తీసేశాను. ఆ సంగతి ఇప్పుడు అధ్యాయం మధ్యలో, మిగతా అక్షరాలంత పెద్దగానే ఉంది. సేనానిని తీయలేదు. అతను గొంతు నులుముకుంటాడు, ఆ తరవాత పుస్తకం ఇంకా ఇరవై పేజీలు నడుస్తుంది. పబ్లిషర్ ఏమంటారో తెలియదు.

నిధికి ఆరో తారీఖున ఆడపిల్ల పుట్టింది. ఇద్దరూ క్షేమం. శ్రేయాస్ ఎక్స్‌టెన్షన్ కాగితాలు వెళ్ళాయి, రసీదు వచ్చింది. ఇవి నాకు అతను చెప్పలేదు, ఆఫీస్‌లో తెలిశాయి.

సోమవారం నా గదిలో పుస్తకాలు సర్దడం మొదలుపెట్టాను. మే దాకా గడువుంది, కానీ నాకు ఒక్కసారిగా చేసే శక్తి లేదు. రోజుకో పెట్టె. మొదటి పెట్టె కార్ దాకా తీసుకెళ్ళలేక కారిడార్‌లో దింపి నిలబడ్డాను. శ్రేయాస్ తన గదిలోంచి వచ్చాడు. నిద్రలేని కళ్ళు. భుజం మీద పసిపిల్లల పాలమరక. నా ఎదురుగా ఆగాడు.

"నిధి మీకు థాంక్స్ చెప్పమన్నది మేడమ్" అన్నాడు. "నేను ఇంకా చెప్పలేను" అన్నాడు.

"చెప్పక్కర్లేదు" అన్నాను.

అతను పెట్టెకి అవతలి పక్కకి వెళ్ళి వంగాడు. ఇద్దరం చెరో వైపు పట్టుకుని లేపాం. మెట్ల దగ్గర అతను వెనక్కి నడుస్తూ, "మేడమ్, మెల్లగ, ఇక్కడ తడిగ ఉంది" అన్నాడు.

రాగిణి